గ్రామ తగాదాల్లో మూకదాడి, చావు: ఎవరెంతవరకు బాధ్యులు? తరచుగా అడిగే ప్రశ్నలు

గెట్టు దగ్గరో, కాలువ తూము దగ్గరో, జాతరలోనో మొదలైన మాటామాటా గంటలో కర్రల దాకా వస్తుంది. తెల్లారేసరికి ఒక ఇంట్లో శవం, ఇరవై ఇళ్ళలో మగవాళ్ళు పరారీ. ఆ తర్వాత రెండు వైపుల వాళ్ళూ అడిగేవి దాదాపు ఇవే ప్రశ్నలు. 2024 జూలై 1న ఐపీసీ స్థానంలో భారతీయ న్యాయ సంహిత, సీఆర్‌పీసీ స్థానంలో భారతీయ నాగరిక్ సురక్షా సంహిత, ఎవిడెన్స్ యాక్టు స్థానంలో భారతీయ సాక్ష్య అధినియం వచ్చాయి. ఊళ్ళో ఇంకా పాత నంబర్లే వాడుకలో ఉన్నాయి కాబట్టి అవసరమైన చోట రెండూ ఇచ్చాం. చట్టం పేరు లేకుండా నంబరు మాత్రమే ఉన్నచోట, నేరాలకూ శిక్షలకూ సంబంధించినవి న్యాయ సంహితవి, పోలీసు, కోర్టు ప్రక్రియకు సంబంధించినవి సురక్షా సంహితవి. ఘటన 2024 జూలై 1కి ముందుదైతే నేరానికి ఐపీసీ సెక్షన్లే వర్తిస్తాయి.

## గొడవ ముదరకముందు

పొలం తగాదా ముదురుతోంది, కొట్లాట అయ్యేలా ఉంది. ఇప్పుడే ఏం చేయొచ్చు?

పోలీస్ స్టేషన్‌లో కాగితం మీద ఫిర్యాదు ఇచ్చి రసీదు తీసుకోండి. నోటిమాటగా చెప్పి వచ్చేస్తే రేపు దానికి ఆధారం ఉండదు. కొట్లాటకు దిగేలా ఉన్నవాళ్ళను సురక్షా సంహిత 126 (పాత 107) కింద తహసీల్దారు దగ్గర బైండోవర్ చేయిస్తారు. ఏడాది వరకు శాంతిగా ఉంటామని బాండు రాసివ్వాలి. భూమి ఎవరి స్వాధీనంలో ఉందన్నదే గొడవైతే 164 (పాత 145) కింద ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేటు విచారించి, స్వాధీనంలో ఉన్నవారిని కదపొద్దని ఉత్తర్వు ఇవ్వొచ్చు. హక్కు ఎవరిదో తేల్చేది మాత్రం సివిల్ కోర్టే. హద్దు తెలియక జరిగే గొడవకు సర్వే దరఖాస్తు పెట్టి, ఇరువైపుల వాళ్ళ సమక్షంలో రాళ్ళు పాతించుకోవడమే దారి. బైండోవర్ అంటే పరువు తక్కువని చాలామంది వెనకాడతారు. హత్య కేసులో ముద్దాయిగా నిలబడటంతో పోలిస్తే అది ఏమీ కాదు.

భూమి మాదే. మా భూమిలోకి మనుషుల్ని తీసుకెళ్ళి కంచె వేసుకోవడం కూడా నేరమేనా?

భూమి మీదే అయినా వేరొకరి స్వాధీనంలో ఉంటే, అయిదుగురు లేదా అంతకన్నా ఎక్కువ మంది బలప్రయోగంతో దాన్ని తీసుకోబోవడం నేరమే. న్యాయ సంహిత 189 (పాత 141) దీన్ని చట్టవిరుద్ధ సమూహం అంటుంది. దారి హక్కునూ నీటి వాడకాన్నీ బలవంతంగా అడ్డుకోవడం కూడా అదే సెక్షన్‌లో పేరు పెట్టి మరీ ఉంది. డిక్రీ (సివిల్ కోర్టు తీర్పు ఉత్తర్వు) చేతిలో ఉన్నా దాన్ని కోర్టు అమీను, అంటే ఉత్తర్వులు అమలు చేసే ఉద్యోగి ద్వారానే అమలు చేయించుకోవాలి.

## ఏ నేరం, ఎవరి మీద

నేను చేయి కూడా వేయలేదు, గుంపులో ఉన్నానంతే. నా మీద హత్య కేసు ఎలా పెడతారు?

న్యాయ సంహిత 190 (పాత 149) వల్ల. అయిదుగురు లేదా అంతకు మించి ఒక చట్టవిరుద్ధ లక్ష్యంతో కూడినప్పుడు, ఆ లక్ష్యం కోసం వాళ్ళలో ఒకరు చేసిన నేరానికి అందరూ బాధ్యులే. లక్ష్యం అది కాకపోయినా, అలాంటిది జరగొచ్చని తెలిసి గుంపులో ఉన్నా సరిపోతుంది. ఎవరి దెబ్బకు ప్రాణం పోయిందో ప్రాసిక్యూషన్ చూపించనక్కర్లేదు. మసాల్తీ కేసులో సుప్రీంకోర్టు 1964లో ఈ సంగతి స్పష్టంగా చెప్పింది.

అలాగని అక్కడ కనిపించిన ప్రతివాడూ సభ్యుడు కాడు. కేకలు విని పరుగెత్తుకొచ్చి చూసినవాడు, విడదీయబోయినవాడు, దారినపోతూ ఆగినవాడు సాక్షి అవుతాడు గానీ ముద్దాయి కాడు. కోర్టు చూసేవి ఇవి: గుంపుతో కలిసి వచ్చాడా, తర్వాత వచ్చాడా? చేతిలో ఏముంది? "పట్టుకోండిరా, కొట్టండిరా" అన్నాడా? పారిపోకుండా దారి కాశాడా? దాడి అయ్యాక వాళ్ళతోనే వెళ్ళాడా? పల్లెలో గొడవ జరిగితే ఊరంతా పోగవుతుంది. అందుకే కోర్టులు ఈ ప్రశ్నల దగ్గర ఆగి ఆలోచిస్తాయి.

గెట్టు రాళ్ళు పీకడానికే వెళ్ళాం. ఒకడు ఉన్నట్టుండి కత్తి తీసి పొడిచాడు. అందరం హంతకులమా?

కానక్కర్లేదు. ఉమ్మడి లక్ష్యం ఏమిటి, చావు జరగొచ్చని మిగతావాళ్ళకు తెలుసా అన్నదే తేల్చాలి. గోవాకు చెందిన రాయ్ ఫెర్నాండెజ్ కేసులో కంచె వేయకుండా అడ్డుకోవడానికి వెళ్ళిన గుంపులో ఒకడు కత్తితో పొడిచాడు. మిగతావాళ్ళకు ఆ సంగతి ముందే తెలుసనడానికి ఆధారం లేదంటూ సుప్రీంకోర్టు 2012లో హత్యా బాధ్యతను వాళ్ళకు అంటగట్టలేదు.

తేడా అంతా ఆయుధాల దగ్గరే తెలుస్తుంది. గునపాలు, పారలు పట్టుకుని పగలు వెళ్ళడం వేరు. గొడ్డళ్ళు, ఈటెలతో ఇల్లు చుట్టుముట్టడం వేరు. మొదటిదాంట్లో ఒకడు చాటుగా తెచ్చిన కత్తి సంగతి మిగతావాళ్ళకు తెలియదనొచ్చు. రెండోదాంట్లో "చంపాలనుకోలేదు" అన్న మాట నిలబడదు. మొదటి దెబ్బ పడ్డాక కూడా ఆగకుండా అందరూ కొడితే, అప్పటికప్పుడు లక్ష్యం మారిందని కూడా కోర్టు చెప్పొచ్చు. లక్ష్యం ముందురోజే కుదరాలన్న నియమం లేదు.

మధ్యలో భయపడి వెళ్ళిపోయాను. తర్వాత చంపారట. నేనూ బాధ్యుడినేనా?

నేరం జరిగిన క్షణానికి గుంపులో సభ్యుడిగా ఉన్నవారికే 190 వర్తిస్తుంది. నిజంగా విడిపోయి వెళ్ళినవాడు తర్వాతి చావుకు బాధ్యుడు కాడు. అయితే అప్పటివరకు తాను పాల్గొన్న అల్లరికీ గాయాలకూ జవాబు చెప్పాలి. ముందే పథకంలో భాగమైతే కుట్ర నేరం విడిగా ఉంటుంది.

అయిదుగురు ఉండాలంటారు. కోర్టులో నలుగురే మిగిలితే 149 పోతుందా?

ముద్దాయిల బోనులో అయిదుగురు ఉండాలని కాదు, ఘటనా స్థలంలో అయిదుగురు ఉండాలని. గుర్తు తెలియని మరికొందరు ఉన్నారని చార్జిషీటు, సాక్ష్యం చెబితే ముగ్గురికి కూడా ఈ సెక్షన్ కింద శిక్ష పడొచ్చు. ఫలానా ఆరుగురే చేశారని కేసు పెట్టి, వారిలో ముగ్గురు అసలు అక్కడ లేరని తేలితే మాత్రం సమూహమే నిలబడదు. అప్పుడు కూడా మిగిలినవాళ్ళు కలిసికట్టుగా చేశారని రుజువైతే 3(5) (పాత 34) కింద శిక్షించవచ్చు. 3(5)కి ఇద్దరు చాలు, కానీ ఉమ్మడి ఉద్దేశమూ ఏదో ఒక రకమైన పాత్రా కావాలి. 190కి అయిదుగురు కావాలి, కానీ విడివిడి పాత్రలు అక్కర్లేదు.

కొత్త చట్టంలో మూకహత్యకు వేరే సెక్షన్ పెట్టారట. గ్రామ గొడవలకు అది వర్తిస్తుందా?

103(2) గురించి అడుగుతున్నారు. అయిదుగురు లేదా అంతకు మించి కలిసికట్టుగా జాతి, కులం లేదా సముదాయం, లింగం, పుట్టిన చోటు, భాష, వ్యక్తిగత విశ్వాసం, లేదా అలాంటి మరో కారణంతో చంపితే ప్రతి ఒక్కరికీ మరణశిక్ష లేదా యావజ్జీవం, జరిమానా. ఇదే కారణాలతో తీవ్రగాయం చేస్తే 117(4) కింద ఏడేళ్ళ వరకు జైలు. నీళ్ళ కోసమో గెట్టు కోసమో జరిగిన హత్య మామూలుగా దీనికిందకు రాదు, అది 103(1), 190 కిందకే వస్తుంది. గొడవ పైకి గెట్టుదే అయినా లోపల కులమే కారణమైతే 103(2) పెట్టాల్సిందే. అందుకే దాడి సమయంలో అన్న మాటలు ఫిర్యాదులో ఉన్నవి ఉన్నట్టు రాయాలి. చేతబడి చేశాడన్న అనుమానంతో ఊరు కలిసి చంపితే మామూలు హత్యా సెక్షన్లు తప్పకుండా ఉంటాయి. "అందరూ నమ్మారు" అన్నది కోర్టులో సాకు కాదు.

కొట్టాం నిజమే, చంపాలని కాదు. హత్య కేసు తగ్గుతుందా?

తగ్గొచ్చు. హత్య 101, 103(1) (పాత 300, 302). హత్య కాని నరహత్య 105 (పాత 304). చంపాలన్న ఉద్దేశం లేకున్నా, సహజంగా ప్రాణం తీసేంతటి గాయం కావాలనే చేస్తే అది హత్యే. ఆయుధం ఏది, దెబ్బ ఎక్కడ పడింది, ఎన్ని పడ్డాయి అన్నవాటినుంచే ఉద్దేశాన్ని ఊహిస్తారు. తలమీద గొడ్డలి తిరగేసి కొట్టినా, పదునువైపు కొట్టినా పుర్రె పగిలితే వాదన కష్టమే. కాళ్ళమీద కర్రదెబ్బలతో చావు జరిగితే 105 వైపు మొగ్గు ఉంటుంది. ముందస్తు ఆలోచన లేకుండా, హఠాత్తుగా రేగిన కొట్లాటలో ఆవేశంలో, అనుచిత లాభం తీసుకోకుండా, క్రూరంగా ప్రవర్తించకుండా జరిగితే 101లోని నాలుగో మినహాయింపు వర్తించి, హత్య 105కు తగ్గుతుంది. ఇంటికెళ్ళి కత్తి తెచ్చుకుని తిరిగొస్తే ఆ మినహాయింపు పోయినట్టే.

దెబ్బలు తగిలిన ఇరవై రోజులకు ఆసుపత్రిలో చనిపోయాడు. మంచి వైద్యం అందితే బతికేవాడు కదా?

న్యాయ సంహిత 100వ సెక్షన్ వివరణలోనే దీనికి జవాబుంది: సరైన వైద్యంతో చావు తప్పేదన్న వాదన గాయం చేసినవాడిని కాపాడదు. పోలీసులు హత్యాయత్నం సెక్షన్‌ను హత్యగా మారుస్తూ కోర్టుకు మెమో వేస్తారు. ఆలస్యంగా వచ్చిన చావుకు గాయమే కారణమా, సంబంధం లేని మరో జబ్బా అన్నది మాత్రం వైద్య సాక్ష్యంతో తేలాలి. చికిత్స కాగితాలన్నీ, మొదటి ఆసుపత్రి ఓపీ చీటీతో సహా, రెండు పక్షాలకూ ముఖ్యమే.

వాళ్ళే మా ఇంటిమీదకు వచ్చారు. మేం ఎదిరిస్తే వాళ్ళ మనిషి చనిపోయాడు. ఆత్మరక్షణ కాదా?

అవుతుంది, హద్దుల్లో ఉంటే. 34 నుంచి 44 (పాత 96–106) వరకు సెక్షన్లు ఆ హక్కు ఇస్తాయి. చావో తీవ్రగాయమో తప్పదన్న న్యాయమైన భయం ఉంటే ఎదుటివాడి ప్రాణం పోయినా నేరం కాదు. భయం ఉన్నంతసేపే ఆ హక్కు. వాళ్ళు వెనక్కి తిరిగి పరుగెత్తుతుంటే తరిమి కొట్టడం ఆత్మరక్షణ కాదు, కిందపడినవాడిని కొట్టడమూ కాదు. మంచి ఉద్దేశంతోనే హద్దు దాటితే హత్య 105కు తగ్గొచ్చు. ఇరువైపులా సిద్ధమై వచ్చి కలబడితే దాన్ని స్వేచ్ఛా పోరు అంటారు. అందులో ఎవరికీ ఆత్మరక్షణ ఉండదు, ఎవరు చేసినదానికి వారే బాధ్యులు. మీవాళ్ళ గాయాలకు అదేరోజు ప్రభుత్వ వైద్యుడి సర్టిఫికెట్ ఉండాలి. వాటిని ప్రాసిక్యూషన్ వివరించలేకపోతే వాళ్ళ కథనం మీదే అనుమానం వస్తుంది.

గొడవ రోజు ఊళ్ళోనే లేను. ఫోన్లో రెచ్చగొట్టానంటున్నారు.

రెచ్చగొట్టడం 45, 49 (పాత 107, 109) కిందా, కుట్ర 61 (పాత 120బి) కిందా నేరమే. చేసినవాడితో సమానంగా శిక్ష. కానీ ఫోన్ మాట్లాడారన్న కాల్ జాబితా ఒక్కటే ఏం మాట్లాడారో చెప్పదు. మాటల రికార్డు, మెసేజ్, విన్న సాక్షి, డబ్బో ఆయుధాలో సమకూర్చిన ఆధారం లాంటిదేదో తోడవ్వాలి. గొడవ ఎవరి లాభం కోసం జరిగిందో, ఎవరి భూమిలో జరిగిందో వాళ్ళు ముందే తెలిసి పోలీసులకు చెప్పకపోయినా 193 కింద జరిమానా ఉంది.

## మొదటి రెండు రోజులు

ఫిర్యాదులో ఏమేం రాయాలి?

చూసినవారే ఇవ్వాలి. చదువు రాకపోతే చెప్పినది రాసుకుని చదివి వినిపించాలి. చోటు, సమయం, వెలుతురు (రాత్రైతే వీధి దీపమా, వెన్నెలా, టార్చా), ఎవరి చేతిలో ఏ ఆయుధం, ఎవరు శరీరంలో ఏ భాగం మీద కొట్టారు, ఎవరు పట్టుకున్నారు, ఏం అన్నారు, ఇంకెవరు చూశారు, పాత గొడవ ఏమిటి. తెలియనిది "తెలియదు" అనే రాయండి. ఎఫ్ఐఆర్ కాపీ ఉచితంగా ఇవ్వాలి. ఘటన ఆ స్టేషన్ పరిధిలోది కాకపోయినా ఏ స్టేషన్‌లోనైనా నమోదు చేయించుకోవచ్చు, దాన్నే జీరో ఎఫ్ఐఆర్ అంటారు.

వాళ్ళ ఇంటి మగవాళ్ళందరి పేర్లూ పెడితే కేసు గట్టిగా ఉంటుందా?

ఉండదు, విరిగిపోతుంది. గ్రామ హత్య కేసులు కూలిపోవడానికి అన్నిటికన్నా పెద్ద కారణం ఇదే, కాబట్టి కొంచెం వివరంగా చెబుతాం.

ఇరవైమంది గొడ్డళ్ళతో నరికారని ఫిర్యాదిస్తే, పోస్ట్‌మార్టంలో మూడే గాయాలు కనిపిస్తాయి. అక్కడే మొదటి అడ్డుప్రశ్న పుడుతుంది. ఇరవైమందిలో ఒకరు ఆరోజు జిల్లా ఆసుపత్రిలో చేరి ఉంటారు, ఇంకొకరు ఉద్యోగంలో హాజరు వేసి ఉంటారు. ఆ ఇద్దరి విషయంలో సాక్షి అబద్ధం చెప్పాడని తేలితే నిజంగా కొట్టిన అయిదుగురి విషయంలోనూ ఆయన మాట బరువు తగ్గుతుంది. మన కోర్టులు గింజనూ పొట్టునూ వేరు చేయడానికి ప్రయత్నిస్తాయి. కానీ రెండూ కలిసిపోతే మొత్తం పారేయక తప్పదు.

ఇక ఎఫ్ఐఆర్ మేజిస్ట్రేటుకు ఎప్పుడు చేరిందన్నది కాగితం మీద సమయంతో సహా ఉంటుంది. రాత్రి 8కి ఘటన జరిగి, మర్నాడు సాయంత్రం ఎఫ్ఐఆర్ చేరితే, మధ్యలో పెద్దలు కూర్చుని పేర్లు చేర్చారని డిఫెన్స్ అంటుంది. నమ్మదగిన కారణం చెప్పగలిగితే ఆలస్యం ఒక్కటే కేసును చంపదు. క్షతగాత్రుణ్ణి ఆసుపత్రికి మోసుకెళ్ళడం అలాంటి కారణమే. చనిపోయిన మనిషికి న్యాయం కావాలనుకునే కుటుంబం కళ్ళారా చూసినవాళ్ళ పేర్లే ఇవ్వాలి.

ఎస్ఐ ఫిర్యాదు తీసుకోవడం లేదు.

హత్యలాంటి కాగ్నిజబుల్ నేరంలో (వారంటు లేకుండానే పోలీసులు అరెస్టు చేయగల నేరంలో) నమోదు చేయడం తప్పనిసరి. సురక్షా సంహిత 173(4) ప్రకారం ఫిర్యాదును ఎస్పీకి పోస్టులో పంపండి, రిజిస్టర్డ్ రసీదు దాచండి. అప్పటికీ కదలకపోతే మేజిస్ట్రేటు దగ్గర 175(3) (పాత 156(3)) కింద అఫిడవిట్‌తో పిటిషన్ వేయాలి.

వాళ్ళు మా మీద కౌంటర్ కేసు పెట్టారు. ఏమవుతుంది?

రెండూ నమోదవుతాయి, రెండూ దర్యాప్తు చేయాలి. ఒకే ఘటన మీది కేసు, కౌంటర్ కేసులను ఒకే జడ్జి ఒకదాని తర్వాత ఒకటి విచారించి, తీర్పులు ఒకేసారి ఇవ్వాలని సుప్రీంకోర్టు నాథీలాల్ కేసులో 1990లో చెప్పింది. ఒక కేసు సాక్ష్యాన్ని మరోదాంట్లో వాడకూడదు. కౌంటర్ కేసు వేరే కోర్టులో ఉంటే, దాన్ని కమిట్ చేయించి (కింది కోర్టు నుంచి పంపించి) సెషన్స్‌కు తెప్పించమని మొదట్లోనే పిటిషన్ వేయించండి. ఇది మరిచిపోయి, ఒకటి తేలిపోయాక గుర్తుచేసుకునేవాళ్ళే ఎక్కువ.

శవపంచనామా, పోస్ట్‌మార్టం దగ్గర మేం ఏం చూసుకోవాలి?

పంచనామాలో గాయాలు, బట్టలు, శవం ఉన్న చోటు నమోదవుతాయి. సంతకం పెట్టేముందు చదవండి. పోస్ట్‌మార్టంలో ప్రతి గాయానికీ నంబరు, పొడవు, లోతు, ఏ రకం ఆయుధం, బతికుండగా తగిలినదేనా అన్నవి రాస్తారు. సాక్షులు చెప్పిన పాత్రలు ఈ నంబర్లతో సరిపోవాలి. ఏడేళ్ళు లేదా అంతకు మించి శిక్షపడే నేరాల్లో ఫోరెన్సిక్ నిపుణులు స్థలానికి రావాలని 176(3) చెబుతోంది. రాష్ట్రాలు దీన్ని దశలవారీగా అమలు చేస్తున్నాయి. ఎవరూ రాకపోతే అడగండి. రక్తపు మరకల మట్టి, రాళ్ళు, కర్రలు ముట్టుకోకుండా కాపలా కాయండి.

ఫోన్లో వీడియో ఉంది. కోర్టులో చెల్లుతుందా?

చెల్లుతుంది. తీసిన ఫోన్ కదపకుండా ఉంచి, దర్యాప్తు అధికారికి మహజరు (సాక్షుల సంతకాలతో రాసే స్వాధీన పత్రం) మీద అప్పగించండి. ఎలక్ట్రానిక్ ఆధారానికి కావాల్సిన సాక్ష్య అధినియం 63(4) సర్టిఫికెట్ తప్పక జతచేయించాలి. వాట్సాప్‌లో తిరిగిన కాపీలో నాణ్యత, తేదీ వివరాలు పోతాయి. అసలుది డిలీట్ చేసి ఫార్వర్డ్ చేసింది మాత్రమే మిగుల్చుకోవడం పెద్ద పొరపాటు.

చనిపోయేముందు ఆయన పేర్లు చెప్పాడు. అదొక్కటే చాలా?

నమ్మదగినదైతే మరణ వాంగ్మూలం ఒక్కదానిమీదే శిక్ష వేయొచ్చు. సాక్ష్య అధినియం 26 దాన్ని అనుమతిస్తుంది. మేజిస్ట్రేటు నమోదు చేసి, స్పృహలో ఉన్నాడని వైద్యుడు రాస్తే బలం ఎక్కువ. సమయం లేకపోతే వైద్యుడో పోలీసో రాసినా చెల్లుతుంది. బంధువులు చెవిలో పేర్లు చెబుతున్నట్టు కనిపిస్తే విలువ పోతుంది, అందుకే నమోదు సమయంలో గదిలోంచి బయటికి రండి.

## అరెస్టు, బెయిలు

ఆరోజు నేను వేరే ఊళ్ళో ఉన్నాను. పేరు ఇరికించారు.

ఆధారాలు వెంటనే పోగుచేయండి. సీసీ కెమెరా దృశ్యాలు కొద్దిరోజుల్లోనే చెరిగిపోతాయి. బస్సు టికెట్, ఆసుపత్రి రిజిస్టరు, హాజరు పట్టీ, టోల్ రసీదు, ఫోన్ టవర్ వివరాలు, వీటన్నిటితో ఎస్పీకి, డీఎస్పీకి రాతపూర్వక వినతి ఇచ్చి రసీదు తీసుకోండి. అక్కడ లేనని చెప్పేవాడే దాన్ని రుజువు చేసుకోవాలి. రెండేళ్ళ తర్వాత విచారణలో మొదటిసారి చెబితే కట్టుకథగా చూస్తారు. పరారు కావద్దు. అమాయకుడు భయంతో పారిపోయినా అది కొంత వ్యతిరేకంగానే కనిపిస్తుంది.

ముందస్తు బెయిలు వస్తుందా?

482 (పాత 438) కింద సెషన్స్ లేదా హైకోర్టులో వేయొచ్చు. హత్య కేసులో అరుదే గానీ, నిర్దిష్ట పాత్ర ఏదీ చెప్పకుండా పేరు మాత్రమే పెట్టినవాళ్ళకు ఇచ్చిన సందర్భాలున్నాయి. మృతుడు ఎస్సీ లేదా ఎస్టీ అయి అత్యాచారాల నిరోధక చట్టం పెడితే 18వ సెక్షన్ ముందస్తు బెయిలును నిషేధిస్తుంది. ప్రాథమికంగా ఆ నేరమే కనబడని కేసుల్లో మాత్రమే కోర్టు జోక్యం చేసుకోవచ్చు.

90 రోజుల బెయిలు అంటే?

హత్య కేసులో రిమాండైన నాటినుంచి 90 రోజుల్లో చార్జిషీటు వేయకపోతే 187(3) (పాత 167(2)) కింద బెయిలు హక్కుగా వస్తుంది. 91వ రోజు చార్జిషీటు రాకముందే దరఖాస్తు వేసి ఉండాలి. ఒక్కరోజు అలసత్వంతో పోగొట్టుకునే హక్కు ఇది.

మా అబ్బాయికి పదిహేడేళ్ళే.

జువెనైల్ జస్టిస్ బోర్డుకు పంపాలి, జైలుకు కాదు. 16 నుంచి 18 మధ్య వయసువారిని హత్యలాంటి ఘోర నేరాల్లో పెద్దవారిలా విచారించాలా అన్నది బోర్డు మొదట పరిశీలిస్తుంది. పదో తరగతి సర్టిఫికెట్, అది లేకపోతే పుట్టిన నమోదు పత్రం చూపించండి.

## విచారణ

సాక్షులంతా చనిపోయినవాడి బంధువులే. నమ్ముతారా?

నమ్ముతారు, జాగ్రత్తగా పరిశీలించి. బంధువు అసలు హంతకుణ్ణి వదిలేసి ఇంకొకరిని ఇరికించడని కోర్టులు పదేపదే చెప్పాయి. గాయపడ్డ సాక్షి మాటకు ఇంకా బరువు ఎక్కువ, అక్కడ ఉన్నాడనడానికి ఆ గాయమే రుజువు. చట్టం ఇంతమంది సాక్షులు కావాలని అడగదు. పెద్ద గుంపు కేసుల్లో మాత్రం ఒక్కో ముద్దాయి గురించి ఇద్దరో ముగ్గురో పొందికగా చెప్పాలన్న జాగ్రత్తను మసాల్తీ తీర్పు సరైనదేనంది. ఇది చట్టనియమం కాదు, ముందుజాగ్రత్త. ఒకే ఊరివాళ్ళయితే గుర్తింపు పరేడ్ (నిందితుణ్ణి ఇతరుల మధ్య నిలబెట్టి సాక్షితో గుర్తుపట్టించడం) అక్కర్లేదు.

ఊరిపెద్దలు డబ్బిప్పించి రాజీ చేస్తామంటున్నారు.

హత్య రాజీపడదగిన నేరం కాదు, ఏ కోర్టూ ఒప్పుకోదు. కేసు ప్రభుత్వానిది. నేరస్తుణ్ణి శిక్ష తప్పించడానికి డబ్బు తీసుకోవడం 250 కింద, ఇవ్వడం 251 కింద నేరాలు. ఆచరణలో "రాజీ" అంటే సాక్షులు కోర్టులో మాట మార్చడమే. ఆ పాపం, తప్పుడు సాక్ష్యం కేసు రెండూ సాక్షి నెత్తినే పడతాయి, పెద్దలు పక్కకు తప్పుకుంటారు. రాజీ అయ్యాక అదే పగ మరో పదేళ్ళకు తిరిగొచ్చిన ఊళ్ళు ఎన్నో.

సాక్షుల్ని బెదిరిస్తున్నారు.

బెదిరించడం 232 కింద ఏడేళ్ళ వరకు శిక్షపడే నేరం, వేరే ఎఫ్ఐఆర్ పెట్టించండి. సుప్రీంకోర్టు 2018లో ఆమోదించిన సాక్షుల రక్షణ పథకం కింద జిల్లా స్థాయి కమిటీకి దరఖాస్తు చేస్తే పోలీసు కాపలా, తాత్కాలిక వేరే నివాసం వంటివి ఇస్తారు. ముద్దాయి బెయిలు రద్దుకూ పిటిషన్ వేయొచ్చు. ముఖ్య సాక్షి వాంగ్మూలాన్ని ముందే మేజిస్ట్రేటు ఎదుట 183 (పాత 164) కింద నమోదు చేయించడం మంచిది. సాక్షి ఎదురుతిరిగినా నమ్మదగిన భాగాన్ని కోర్టు వాడుకోగలదు.

చార్జిషీటులో పోలీసులు కొందరి పేర్లు తీసేశారు.

విచారణలో సాక్ష్యం ద్వారా వారి పాత్ర బలంగా బయటపడితే 358 (పాత 319) కింద కోర్టు వారిని ముద్దాయిలుగా పిలవగలదు. తేలికపాటి అనుమానం చాలదు.

మృతులు దళితులు. ప్రక్రియ వేరుగా ఉంటుందా?

ఉంటుంది. ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం పెట్టిన కేసుల్లో డీఎస్పీ స్థాయికి తగ్గని అధికారి దర్యాప్తు చేయాలి, ప్రత్యేక కోర్టు విచారించాలి, 15ఏ కింద ప్రతి దశలో బాధితులకు సమాచారం, మాట వినిపించే హక్కు ఉన్నాయి. ఈ చట్టం 1990 జనవరి 30న అమల్లోకి వచ్చింది. దానికి ముందు 1985 జూలై 17న కారంచేడులో ఆరుగురిని చంపిన కేసులో సుప్రీంకోర్టు తీర్పు 2008 డిసెంబరులో గానీ రాలేదు. 1991 ఆగస్టు 6న చుండూరులో ఎనిమిదిమందిని చంపిన కేసుకు ఆ ఊళ్ళోనే ప్రత్యేక కోర్టు పెట్టారు. 2007లో 21 మందికి యావజ్జీవం, 35 మందికి ఏడాది జైలు పడితే, 2014లో హైకోర్టు అందరినీ నిర్దోషులన్నది. ఇన్నేళ్ళు నిలబడగల సాక్ష్యం మొదటివారంలోనే కాగితం మీదకు రావాలి.

## తీర్పు తర్వాత

యావజ్జీవం అంటే పద్నాలుగేళ్ళేనా?

కాదు, బతికున్నంతకాలం. మరణశిక్ష పడే అవకాశమున్న నేరంలో యావజ్జీవం పడినవారిని 14 ఏళ్ళు నిండకుండా ప్రభుత్వం విడుదల చేయకూడదు. ఆ తర్వాతైనా అది హక్కు కాదు. 190 కింద దోషి అయినవారికీ హత్య చేసినవారికీ శిక్ష ఒకటే. మారణాయుధంతో అల్లరికి 191(3) కింద అయిదేళ్ళ వరకు అదనం.

కొట్టేసిన కేసుమీద మేం అప్పీలు చేయొచ్చా?

చేయొచ్చు. బాధితులకు 413 (పాత 372) కింద సొంతంగా ఆ హక్కుంది, ప్రభుత్వం కోసం ఎదురుచూడక్కర్లేదు. తీర్పు కాపీకి అదేరోజు దరఖాస్తు పెట్టండి. శిక్షపడ్డవారు సెషన్స్ తీర్పుమీద 60 రోజుల్లో, మరణశిక్షైతే 30 రోజుల్లో హైకోర్టుకు వెళ్ళాలి.

ఇంటి పెద్దదిక్కు పోయాడు. పరిహారం ఎక్కడ అడగాలి?

396 (పాత 357ఏ) కింద జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు దరఖాస్తు చేయాలి. రెండు నెలల్లో విచారణ ముగించాలని చట్టం చెబుతోంది. నిందితులు దొరక్కపోయినా, కేసు కొట్టేసినా అడగవచ్చు. ఎస్సీ, ఎస్టీ చట్టం కేసుల్లో 2016 నిబంధనల ప్రకారం హత్యకు 8,25,000 రూపాయలు: సగం పోస్ట్‌మార్టం తర్వాత, సగం చార్జిషీటు కోర్టుకు వెళ్ళాక.

లాయరును పెట్టుకునే స్తోమత లేదు.

మహిళలు, పిల్లలు, ఎస్సీ, ఎస్టీలు, జైల్లో ఉన్నవారు ఆదాయంతో పనిలేకుండా ఉచిత న్యాయ సహాయానికి అర్హులు. 15100కు ఫోన్ చేయండి, లేదా కోర్టు ఆవరణలోని న్యాయ సేవాధికార సంస్థ కార్యాలయంలో కాగితం ఇవ్వండి. బాధితుల తరఫు లాయరు కోర్టు అనుమతితో పబ్లిక్ ప్రాసిక్యూటరుకు సహకరించవచ్చు. సాక్షుల విచారణ మొదలయ్యాక కాకుండా, చార్జిషీటు కాపీ అందిన రోజునే అడగండి. గాయాల నంబర్లకూ సాక్షుల మాటలకూ మధ్య తేడాలు పట్టుకోవడానికి ఆ లాయరుకు సమయం కావాలి.